పోక్సో కేసులో బెయిల్ పిటిషన్: మా మాట కోర్టుకి ఎలా చెప్పుకోవాలి?

అందరికీ నమస్కారం. మాది గుంటూరు. మా అక్క కూతురికి 13 ఏళ్లు. వాళ్ల వీధిలోనే ఉండే ఒకాయన మీద పోక్సో (పిల్లలపై లైంగిక నేరాల చట్టం) కేసు పెట్టాం, రిమాండ్‌లో ఉన్నాడు. ఇప్పుడు బెయిల్‌కి వేశాడని నోటీసు వచ్చింది. అతని ఇల్లు అక్కవాళ్ల గుమ్మానికి సరిగ్గా ఎదురుగా. బయట బండి చప్పుడైతే చాలు, పాప పుస్తకాలు ఎత్తుకుని వెనక గదిలోకి వెళ్లిపోతోంది.

నేర తీవ్రత, సాక్షుల్ని బెదిరిస్తాడా, పారిపోతాడా అన్నవి చూసి జడ్జిగారు నిర్ణయిస్తారని తెలుసు. బాధితుల మాట ప్రతి దశలోనూ వినాలని 2022లో లఖింపూర్ ఖేరీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. పోక్సో చట్టం 40వ సెక్షన్ కింద సొంత లాయర్ని కూడా పెట్టుకోవచ్చు. మరి పీపీగారు (ప్రభుత్వ లాయర్) ఉండగా మా లాయర్ విడిగా కౌంటర్ (బెయిల్ వద్దని రాతపూర్వక జవాబు) వేయొచ్చా, లేక ఆయన ద్వారానే చెప్పుకోవాలా?

అదే చట్టం 29వ సెక్షన్‌లో నిందితుడే నేరం చేశాడని కోర్టు భావించాలని ఉంది కదా, బెయిల్ దశలో అది ఎంతవరకు నిలబడుతుంది? ఛార్జిషీటు ఇంకా పడలేదు. గడువు దాటితే బెయిల్ హక్కుగా వచ్చేస్తుందంటే ఇంట్లో అందరికీ టెన్షన్‌గా ఉంది.

అన్నిటికంటే ముఖ్యమైనది ఇది: ఒకవేళ బెయిల్ ఇస్తే, ఆ వీధిలో ఉండకూడదని షరతు పెట్టమని అడగొచ్చా? సొంతిల్లు అన్న కారణంతో కాదంటారా? ఆ షరతు అతను మీరితే బెయిల్ రద్దు కోసం మేమే పిటిషన్ వేయొచ్చా?

ఇలాంటి కేసులు చూసిన లాయర్లు, తల్లిదండ్రులు దయచేసి చెప్పండి. పాప వివరాలు మాత్రం అడగొద్దు.