పీఎస్2 (ప్లేస్టేషన్ 2)లో గేమ్ బ్యాకప్‌లు: కార్డు బూట్ అవ్వదు, 4 జీబీ దాటితే ఎక్కదు, వీడియోలు ఆగి ఆగి వస్తాయి

రాజమండ్రి_రేసర్:
నమస్తే అండీ. నా దగ్గర పద్నాలుగు ఒరిజినల్ డిస్కులున్నాయి. మా పాప వాటిలో ఐదింటిని గచ్చు మీద వరసగా పరిచి రైలుబండి ఆట ఆడింది. ఆ గీతలు చూస్తే ఏడుపొక్కటే తక్కువ. మిగతావైనా కాపాడుకుందామని ల్యాప్‌టాప్‌లో ఐఎస్‌ఓలు (డిస్కు మొత్తాన్నీ ఒకే ఫైలుగా) తీశాను. 64 జీబీ పెన్‌డ్రైవ్ కొన్నాను. బయటి ప్రోగ్రాములు నడవడానికి దారిచ్చే ఫ్రీ మెక్‌బూట్ ఎక్కించిన మెమరీ కార్డు ఆన్‌లైన్‌లో తెప్పించాను. ఇప్పుడు మూడు తలనొప్పులు.

ఒకటి, నాది 90000 సిరీస్ స్లిమ్, అంటే సన్నటి పీఎస్2. కార్డు పెట్టి ఆన్ చేస్తే మామూలు బ్రౌజర్ స్క్రీనే వస్తోంది. అదే కార్డు మా బావమరిది 77000 స్లిమ్‌లో పెడితే గేమ్ కాపీలు నడిపే ప్రోగ్రామ్ ఓపీఎల్ శుభ్రంగా తెరుచుకుంటోంది. రెండు, గాడ్ ఆఫ్ వార్ 2 పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కట్లేదు, ఫైలు మరీ పెద్దదంటోంది. మూడు, ఎక్కిన గేముల్లో కథ చెప్పే వీడియోలు నత్తనడక. పెదాలు కదిలిన కాసేపటికి మాట వినిపిస్తోంది. దారి చెప్పండి.

చిప్పుల_సుబ్బయ్య:
కార్డులూ గీర్డులూ పిల్లలాటలు బాబూ. 2004 నుంచి తెనాలిలో నాకు ఇదే పని. బోర్డు మీద ఇరవై పైచిలుకు టంకాలు, వెంట్రుక లాంటి వైరు, భూతద్దం కూడా లేకుండా పెట్టేవాణ్ణి. కాపీ డిస్కులు చదివించే చిప్ నేను వేసిన ఫ్యాట్‌లు (పాత లావుపాటి పీఎస్2లు) ఇప్పటికీ ఆడుతున్నాయి. చిప్ వేయించుకో, గేమ్ డీవీడీలో కాల్చుకో, హాయిగా ఆడుకో. ఇంత గోల అక్కర్లేదు.

లాగ్_లక్ష్మి:
సుబ్బయ్య గారూ, మీ చేతివాటం మీద నాకు గౌరవమే. కానీ ఆ చిప్‌లు ఇప్పుడు ఎక్కడ దొరుకుతున్నాయో చెప్పండి ముందు. పైగా పదిహేనేళ్లు దాటిన లెన్సు. ఒరిజినల్ డిస్కే మూడో ప్రయత్నానికి చదువుతుంటే కాల్చిన డిస్కు పెట్టి దాన్ని ఇంకా ఏడిపించాలా?

రేసర్ గారూ, మీ స్లిమ్ తిరగేసి కింద స్టిక్కర్ మీద డేట్ కోడ్ చూడండి. అంకె సంవత్సరం, అక్షరం ఆ ఏడాదిలో ఏ మూడు నెలలన్నది. 8ఎ, 8బి అయితే కార్డు పనిచేయాలి. 8సి అయితే మీ అదృష్టం. 8డి నుంచి ఇక ఆశ వదులుకోండి. ఫ్రీ మెక్‌బూట్ కార్డులో సిస్టమ్ అప్‌డేట్ వేషం కట్టి కూర్చుంటుంది. వాటిలో ఉండే బయోస్ (కన్సోల్ లోపలి మూల ప్రోగ్రామ్) 2.30లో కార్డు నుంచి అప్‌డేట్ తీసుకునే దారినే సోనీ మూసేసింది. కార్డు అమ్మినవాడు ఇది అడిగి ఉండాల్సింది.

కోఠి_కుర్రాడు:
వీడియోలు ఆగుతున్నాయంటే అది పెన్‌డ్రైవ్ తప్పే అన్నా. నాది యూఎస్‌బీ 3, మస్తు స్పీడ్. అన్నీ మక్ఖన్ లెక్క నడుస్తున్నాయి. నీది పాత 2.0 అయి ఉంటుంది, మార్చెయ్.

లాగ్_లక్ష్మి:
తప్పు. పెన్‌డ్రైవ్ 3 అయినా 30 అయినా పీఎస్2 పోర్టు యూఎస్‌బీ 1.1. సెకనుకు 12 మెగాబిట్లు, అంటే ఒకటిన్నర మెగాబైట్లు, అదీ కాగితం మీద. చేతికొచ్చేది ఇంకా తక్కువ. కన్సోల్ డీవీడీ డ్రైవ్ ఫుల్ స్పీడ్‌లో ఐదు మెగాబైట్లు దాటి చదువుతుంది. గేమ్ ఆ వేగం ఉంటుందనుకుని తయారైంది. ఏనుగుకి స్ట్రాతో నీళ్లు తాగిస్తే ఎలా ఉంటుంది?

కోఠి_కుర్రాడు:
మీరు లెక్కలు చెప్తున్నారు, నేను కళ్లతో చూసింది చెప్తున్నా. పాత పెన్‌డ్రైవ్ తీసి కొత్తది పెట్టిన రోజు నుంచి తేడా కొట్టొచ్చినట్టు తెలిసింది. మా తమ్ముడు కూడా అదే అన్నాడు.

వైజాగ్_వింటేజ్:
కోఠి తమ్ముడూ, నీకు తేడా కనిపించింది నిజమే అయి ఉంటుంది, కారణం వేరే. పాతదాంట్లో గేములు తీసి పెట్టి, తీసి పెట్టి ఫైళ్లు ముక్కలైపోయి ఉంటాయి. కొత్తది ఖాళీది కాబట్టి ఒక్కో గేమ్ ఏకముక్కగా పడింది. పెన్‌డ్రైవ్‌ని ఒకసారి డీఫ్రాగ్ చేస్తే పాతదీ అంతే నడిచేది.

పెన్‌డ్రైవ్_పాండు:
పెన్‌డ్రైవ్‌ని డీఫ్రాగ్ చేయమంటారా? ఎవరండీ మీకు చెప్పింది? ఫ్లాష్ మెమరీకి రాతలు లెక్కే. ఊరికే అరిగించడం. నాది అలా చేసే పోయింది.

వైజాగ్_వింటేజ్:
నేను చెప్పింది వేగం కోసం కాదు. పాత ఓపీఎల్ వెర్షన్లకు ఫైలు ఏకబిగిన ఉండాలి. ముక్కలుంటే గేమ్ మొదలే కాదు, నల్ల స్క్రీను. ఒకసారి డీఫ్రాగ్‌తో పెన్‌డ్రైవ్ చచ్చిపోదు. మీది నాసిరకం అయి ఉంటుంది.

పెన్‌డ్రైవ్_పాండు:
నాసిరకం ఏంటండీ? బిల్లుతో కొన్నాను. మీరు చెప్పిన మాట విని ఇక్కడ పది మంది పాడు చేసుకుంటారు. మొత్తం కంప్యూటర్‌లోకి తీసేసి, ఫార్మాట్ కొట్టి, ఒక్కొక్క గేమే వరసగా కాపీ చేస్తే ఏకముక్కగానే పడుతుంది. డీఫ్రాగ్ ఎందుకు?

వైజాగ్_వింటేజ్:
64 జీబీ మొత్తం తీసి మళ్లీ ఎక్కిస్తే అది రాత కాదా? మరి అప్పుడు అరగదా మీ పెన్‌డ్రైవ్?

పెన్‌డ్రైవ్_పాండు:
ఒకసారి రాయడం వేరు, వెయ్యిసార్లు అటూ ఇటూ జరపడం వేరు. అర్థం చేసుకునేవాళ్లకి చెప్పొచ్చు.

వైజాగ్_వింటేజ్:
సరే మహానుభావా. నేను 2011 నుంచి ఫ్యాట్‌లో హార్డ్ డిస్కు మీద ఆడుతున్నా. నాకు పెన్‌డ్రైవ్ గొడవే లేదు. 50000 సిరీస్ వెనక మూత తీసి, నెట్‌వర్క్ అడాప్టర్‌కి ఐడీఈ డిస్కు తగిలించి లోపలికి తోసేయడమే. కంప్యూటర్‌కి డిస్కు కలిపి విన్‌హిప్ అనే ప్రోగ్రామ్‌తో గేములు ఎక్కించా. వీడియోలు ఒరిజినల్ డిస్కు కన్నా బాగా వస్తాయి, లోడింగ్ కూడా తక్కువ. డ్రైవ్ గిర్రున తిరిగే చప్పుడే ఉండదు. అర్ధరాత్రి ఆడినా ఇంట్లో ఎవరూ లేవరు.

రాజమండ్రి_రేసర్:
నాది స్లిమ్ కదండీ, వెనక ఆ చోటే లేదు. డేట్ కోడ్ చూశాను, 8డి. అయితే నా పని అయిపోయినట్టేనా? ఫైలు సైజు సంగతి కూడా ఎవరైనా చెప్పరూ?

గుంటూరు_కారంపొడి:
4 జీబీ ఇబ్బంది ఫ్యాట్‌కే కదా, స్లిమ్‌కి ఎందుకు వస్తోంది?

లాగ్_లక్ష్మి:
అయ్యో, అది లావుపాటి ఫ్యాట్ కాదండీ, ఫ్యాట్32. పెన్‌డ్రైవ్ ఫార్మాట్ పేరు. నవ్వి నవ్వి టీ ఒలకబోసుకున్నా.

డల్లాస్_నాన్న:
ఫ్యాట్ అంటే గుర్తొచ్చింది. 2012లో మా అత్తగారింటికి వస్తూ పిల్లల కోసం ఇక్కడి ఫ్యాట్ పీఎస్2 సూట్‌కేసులో తెచ్చాను. వెనక 120 వోల్టులని రాసుంది. చదివాను కూడా. అయినా జెట్ లాగ్‌లో ప్లగ్గు మార్చే పిన్ను తగిలించి నేరుగా గోడకి పెట్టేశాను. టప్ మంది. కాలిన వాసనకి మా మామగారు వంటింట్లోంచి పరిగెత్తుకొచ్చి, 'అల్లుడుగారూ, అమెరికాలో ఇంజనీరింగ్ ఇలాగే చెప్తారా' అన్నారు. పన్నెండేళ్లు దాటినా పండక్కి ఇదే కథ. అమెరికా కన్సోల్ ఎవరైనా తెచ్చుకుంటే స్టెప్ డౌన్ ట్రాన్స్‌ఫార్మర్ మర్చిపోకండి.

చిప్పుల_సుబ్బయ్య:
అలా వచ్చినవి నా దగ్గరికి బోలెడు. పవర్ బోర్డు మార్చి ఇచ్చేవాణ్ణి. ఇందాకటి అమ్మాయి లెన్సు గురించి చెప్పింది కానీ, లెన్సుని సర్ది నిలబెట్టేది చెయ్యి. స్క్రూడ్రైవర్‌తో పావు తిప్పు తిప్పితే ఒరిజినలూ చదువుతుంది, కాల్చినదీ చదువుతుంది. పుస్తకంలో ఉండదిది.

లాగ్_లక్ష్మి:
'ఇందాకటి అమ్మాయి'కి నలభై ఒక్కేళ్లు, ఇద్దరు పిల్లలు. ఆ పావు తిప్పు నమ్మి ఒకాయన నా స్లిమ్ లెన్సుని శాశ్వతంగా తిప్పేశారు. ఆ తర్వాతే నేను ల్యాన్‌కి మారింది. స్లిమ్‌కి వెనకే నెట్‌వర్క్ పోర్టు ఉంది, ఎవరూ పట్టించుకోరు. రౌటర్‌కి ఒక కేబుల్, కంప్యూటర్‌లో ఒక షేర్డ్ ఫోల్డర్, అందులో డీవీడీ, సీడీ అని రెండు ఫోల్డర్లు. ఓపీఎల్ సెట్టింగ్స్‌లో కంప్యూటర్ ఐపీ అడ్రస్ కొడితే చాలు. సెకనుకు రెండు మూడు మెగాబైట్లు వస్తాయి, చాలా వీడియోలు సాఫీగా నడుస్తాయి. ఒక్కటే తిరకాసు: ఓపీఎల్‌కి ఎస్ఎంబీ 1 అనే ఫైల్ షేరింగ్ పద్ధతి కావాలి. విండోస్ 10 దాన్ని 2017 నుంచి మూసే ఇస్తోంది. కొందరు తెరుస్తారు. పాత, భద్రత లేని పద్ధతి కాబట్టి నేను మాత్రం ఒక మూల పడున్న పాత ల్యాప్‌టాప్‌ని దీనికే కేటాయించా.

న్యాయం_నాగరాజు:
అందరూ కాపీలు కాపీలు అంటున్నారు. ఇది పైరసీ అని ఎవరికీ గుర్తులేదా?

కోఠి_కుర్రాడు:
వచ్చిండండీ పెద్దమనిషి. అన్న సొంత డిస్కులే కదా కాపీ చేసుకునేది?

న్యాయం_నాగరాజు:
సొంతవైతే వేరు, ఒప్పుకుంటా. కాపీరైట్ చట్టం 52(1)(ఏఏ) ప్రకారం చట్టబద్ధంగా ప్రోగ్రామ్ కొన్నవాడు పోకుండా పాడవకుండా బ్యాకప్ తీసుకోవచ్చు. కానీ 2012 సవరణలో 65ఏ వచ్చింది. హక్కుల్ని ఉల్లంఘించే ఉద్దేశంతో కాపీ కాకుండా పెట్టిన తాళం పగలగొడితే రెండేళ్ల దాకా జైలు, జరిమానా. డౌన్‌లోడ్ చేసుకుని 'బ్యాకప్' అనే పేరు పెట్టేవాళ్ల గురించే నా మాట.

కోఠి_కుర్రాడు:
అట్లయితే మా తరం మొత్తం లోపలే సార్. కవరులో డిస్కు, పైన మార్కర్‌తో గేమ్ పేరు, అదీ తప్పు స్పెల్లింగ్‌తో. మేం ఒరిజినల్ డబ్బా చూసిందే జాబ్ వచ్చాక.

వైజాగ్_వింటేజ్:
ఒరిజినల్ అంటే, నా దగ్గర హనుమాన్: బాయ్ వారియర్ డబ్బా సీలుతో ఉంది. 2009లో వచ్చింది, మన హైదరాబాద్ అరోనా టెక్నాలజీస్ వాళ్లు చేశారు. ఇలాంటివాటికే బ్యాకప్ కావాలి. పెద్ద గేములు ఎవరో ఒకరు దాస్తారు, దీన్ని మనం దాచకపోతే ఎవరు దాస్తారు?

పెన్‌డ్రైవ్_పాండు:
సీలుతో ఉన్నదాన్ని బ్యాకప్ ఎలా తీశారు? సీలు విప్పకుండా కాపీ చేసే విద్య కూడా ఉందా?

వైజాగ్_వింటేజ్:
రెండు కొన్నా. ఒకటి విప్పా. ఇంకేమైనా?

గుంటూరు_కారంపొడి:
ఆ గేమ్ ఆడటం అంత సులువు కాదు. గద తగిలిందో లేదో తెలియదు. కానీ మా అబ్బాయి మాత్రం వదల్లేదు.

కొత్తగూడెం_కీర్తి:
రేసర్ అన్నయ్యా, మీ ప్రశ్నలు పాపం అలాగే ఉండిపోయాయి. నాదీ బయోస్ 2.30నే. నేను 2020లో వచ్చిన ఫ్రీడీవీడీబూట్ వాడా. స్లిమ్‌లోని డీవీడీ ప్లేయర్‌లో ఉన్న లోపం మీద నడుస్తుంది. ఇమేజ్‌ని ఖాళీ డీవీడీ-ఆర్ మీద కాల్చి, కన్సోల్ భాష ఇంగ్లిష్‌లో పెట్టి డిస్కు వేయండి, చిప్ అక్కర్లేదు. అక్కణ్ణుంచి వేరే మెమరీ కార్డులో ఫ్రీ మెక్‌బూట్ లాంటిదే అయిన ఓపెన్‌ట్యూనా ఎక్కించుకుంటే తర్వాత డిస్కుతో పనుండదు. బ్రౌజర్‌లో ఆ కార్డు తెరవగానే ఓపీఎల్‌కి వెళ్తుంది. మీ పాత కార్డుని బావమరిదికి ఇచ్చేయండి. దాన్లోని ఫైళ్లు మరో కార్డులోకి ఊరికే కాపీ చేస్తే ఫ్రీ మెక్‌బూట్ పనిచేయదు, ఏ కార్డుకి ఆ కార్డు తాళమే. ఇన్‌స్టాలర్‌తోనే ఎక్కించాలి.

గాడ్ ఆఫ్ వార్ 2 రెండు పొరల డిస్కు, ఎనిమిది జీబీల దరిదాపు. ఫ్యాట్32లో ఒక్క ఫైలు 4 జీబీ దాటకూడదు. యూఎస్‌బీయుటిల్ అనే ప్రోగ్రామ్‌తో ఒక్కో జీబీ ముక్కలు చేయండి. యూఎల్ అని మొదలయ్యే ఫైళ్లు, యూఎల్.సీఎఫ్‌జీ అని ఒక జాబితా ఫైలు వస్తాయి. అన్నీ ఫోల్డర్లలో కాకుండా పైనే ఉండాలి. కొత్త ఓపీఎల్ బీటాలైతే ఎక్స్‌ఫ్యాట్ అనే ఫార్మాట్ కూడా చదువుతాయి, ముక్కలే అక్కర్లేదు. వీడియోల సంగతి లక్ష్మి అక్క చెప్పిందే నిజం.

రాజమండ్రి_రేసర్:
కీర్తి చెల్లీ, దండం. నిన్న రాత్రి మొదటి డీవీడీ తగలేశాను, ప్లస్ ఆర్ కొన్నానని తర్వాత చూసుకున్నా. ఇవాళ మైనస్ ఆర్ తెచ్చి తక్కువ స్పీడ్‌లో కాలిస్తే రెండో ప్రయత్నానికే వచ్చింది. ఓపెన్‌ట్యూనా కూడా ఎక్కింది. గాడ్ ఆఫ్ వార్ 2 ఎనిమిది ముక్కలై పెన్‌డ్రైవ్‌లో కూర్చుంది. వీడియోలు మాత్రం ఇంకా నత్తలే. ల్యాన్ కేబుల్ ఆర్డర్ పెట్టా. ఓపీఎల్‌లో మోడ్ 1, మోడ్ 2 అంటూ ఏవో ఉన్నాయి, అవి పెడితే ఏమైనా మారుతుందా?

వైజాగ్_వింటేజ్:
స్లిమ్ అమ్మేసి ఫ్యాట్ కొనండి.

పెన్‌డ్రైవ్_పాండు:
డీఫ్రాగ్ మాత్రం చేయకండి.

చిప్పుల_సుబ్బయ్య:
కీర్తి అమ్మా, ఒక మాట. షాపులో ఒక 90000 స్లిమ్ పడి ఉంది, 9బి. చిప్ వేద్దామంటే కళ్లు ఆనట్లేదు, చెయ్యి వణుకుతోంది. ఆ ట్యూనా కార్డు ఒకటి చేసి తెనాలికి పంపగలవా? కొరియర్ ఖర్చు నాదే.