చిన్న గొడుగు పట్టుకుని ఆడే బ్రెజిల్ డాన్స్‌కు గురువులు ఉన్నారా?

బెజవాడ_నట్టువాంగం:
నమస్కారం. నేను పిల్లలకు కూచిపూడి చెబుతాను. మొన్న బ్రెజిల్ కార్నివాల్ వీడియో ఒకటి చూశాను. సాంబా కాదు. ఒక చేతిలో రంగురంగుల చిన్న గొడుగు, వెనక బాకాల హోరు, గొంతుక్కూర్చున్నవాళ్లు కూర్చున్నట్టే గాల్లోకి లేస్తున్నారు. ఇది వీధిలో చూసి పట్టేసేదా, లేక మనకున్నట్టు గురువు, పాఠం, వరస ఉన్నాయా?

రెసిఫెలో_తెలుగోడు:
అది ఫ్రెవో అండీ, మా ఊరి డాన్సే. నేను ఉద్యోగం మీద వచ్చి బ్రెజిల్ ఈశాన్యాన ఉన్న రెసిఫె నగరంలో ఉండిపోయాను. చాలాకాలం ఇది వీధిలో చూసి నేర్చుకున్నదే. దాన్ని పాఠంగా మార్చిన మనిషి నాసిమెంతో దో పాసో. పుట్టింది 1936లో, ఇక్కడికి ఎంతో దూరాన అమెజోనాస్ రాష్ట్రంలో. చిన్నతనంలోనే రెసిఫె చేరాడు. వీధి ఆటగాళ్లను చూసి నేర్చుకున్నాడు, అడుగులను విడదీసి, వరసలో పెట్టి, 1973లో సొంతంగా బడి తెరిచాడు. 1996లో నగరపాలక సంస్థ పెట్టిన ఫ్రెవో బడిలోనూ ఆయన పద్ధతే నడిచింది. 2009లో పోయారు. నా దృష్టిలో ఆయన చేసిన అసలు పని, వీధిలో పుట్టనివాడికి కూడా ఈ ఆట అందేలా చేయడం. అందుకే ఆయనంటే నాకంత గౌరవం.

గొడుగు సంగతి కూడా చెప్పాలి. వెనకటి రోజుల్లో ఊరేగింపుల్లో బ్యాండు మేళాల ముందు కపోయెరా అనే బ్రెజిల్ యుద్ధకళ ఆటగాళ్లు నడిచేవారు. ఎదుటి మేళం తాలూకు వాళ్లతో కొట్లాటలు అయ్యేవి. పోలీసులు ఆపేసరికి దెబ్బలు కాస్తా అడుగులయ్యాయి, కర్రల చోటికి గొడుగులొచ్చాయి.

బెజవాడ_నట్టువాంగం:
చాలా సంతోషమండీ. మొదటి పాఠంలో ఏం చెబుతారు?

రెసిఫెలో_తెలుగోడు:
సాధారణంగా కత్తెర అడుగు. మోకాళ్లు సగం వంచి, కుడికాలు ఎడమకాలి వెనకగా మునివేళ్ల మీద వేస్తారు. చిన్న గెంతుతో విడదీసి, అదే కాలి మడమ పక్కకు ఆనిస్తారు. గొడుగు కుడిచేతిలో. చూడ్డానికి తేలికే, బాకాల వేగం అందుకునేసరికి ఊపిరి ఆడదు. అడుగుల పేర్లన్నీ కత్తెర, మడతబందు, గడియ, స్క్రూ ఇలాగే ఉంటాయి. స్క్రూ అడుగు పూర్తిగా కూర్చుని వేసేది, కొత్తవాళ్లకు ఇవ్వరు.

ఫిజియో_గుంటూరు:
మేడమ్, మీకు అరమండి అలవాటే కాబట్టి తొడలు ఆగుతాయి. కానీ గెంతి మడమ మీద దిగడం వేరు. గట్టి సిమెంటు నేల మీద, వట్టికాళ్లతో మాత్రం వద్దు.

రెసిఫెలో_తెలుగోడు:
నిజం, ఇక్కడ బూట్లతోనే నేర్చుకుంటారు. ఇంకో మాట. 2012లో యునెస్కో గుర్తింపు వచ్చాక వేదికల మీద గాల్లో పల్టీలే ఎక్కువగా కనిపిస్తున్నాయి. నాసిమెంతో శిష్యులు పెట్టిన గెరేరోస్ దో పాసో బృందం మాత్రం పార్కులో, అందరూ చూస్తుండగా నేర్పుతుంది. పిల్లలు, వయసు మళ్లినవాళ్లు ఒకే వరసలో ఉంటారు. పెద్దావిడ ఒకరు ఎగరకుండా, భుజాలు వదులు చేసి, గొడుగు ఒక్కటే తిప్పుతూ ఆడుతుంటే కళ్లు తిప్పుకోలేకపోయాను. మీ పిల్లలకు చూపించాలంటే పల్టీల వీడియోలు కాదు, అలాంటివి వెతకండి.