‘మేరియమ్’ నాటకంలో ఉన్నది ఎలిజబెత్ కేరీ కాపురమేనా?

పాతప్రతి:
ఇంగ్లీషులో ఒక స్త్రీ సొంతంగా రాయగా అచ్చయినట్టు తెలిసిన మొదటి నాటకం ‘ది ట్రాజెడీ ఆఫ్ మేరియమ్’ (1613). రాసిన ఎలిజబెత్ కేరీ పెద్దింటి బిడ్డ. తండ్రి లారెన్స్ టాన్‌ఫీల్డ్ పెద్ద న్యాయమూర్తి. భర్త హెన్రీ తర్వాత ఫాక్‌లాండ్ వైకౌంట్ అయ్యాడు, 1622లో ఐర్లండ్‌కు రాజప్రతినిధిగా వెళ్ళాడు. 1626లో ఆమె క్యాథలిక్కుగా మారిందని తెలియగానే భర్త ఖర్చులకు డబ్బు ఆపేశాడు. నాటకమేమో యూదుల రాజు హేరోదు, అతని భార్య మేరియమ్‌ల కథ. ఈ గొడవను పట్టుకుని కొందరు ‘హేరోదు అంటే హెన్రీ, మేరియమ్ అంటే ఆవిడే’ అంటున్నారు. తేదీలు కుదరవు. కథకు ఆధారం ప్రాచీన యూదు చరిత్రకారుడు జోసీఫస్ రాసిన చరిత్ర. దానికి థామస్ లాడ్జ్ ఇంగ్లీషు అనువాదం వచ్చింది 1602లో. 1612 డిసెంబరుకల్లా నాటకం అచ్చు వేయబోయే పుస్తకాలను నమోదు చేసే ముద్రాపకుల సంఘం రిజిస్టరులో ఎక్కింది. అంటే రాసింది ఆ పదేళ్ళలోనే. పద్నాలుగేళ్ళ తర్వాత జరిగిన గొడవ అందులోకి ఎలా వస్తుంది?

రంగస్థలి:
గొడవ సంగతి వదిలేద్దాం. పెళ్ళి 1602లోనే అయిందిగా! కొన్నాళ్ళకే హెన్రీ నెదర్లాండ్స్ యుద్ధానికి పోయి 1605లో స్పెయిన్ సైన్యానికి చిక్కాడు. ఆవిడేమో అత్తగారింట్లో. అత్తగారు పుస్తకాలు లాగేసుకుంటే పద్యాలు రాయడం మొదలెట్టిందని కూతురు రాసిన జీవితచరిత్రలో ఉంది. ఇప్పుడు నాటకం తెర ఎత్తి చూడండి: భర్త రోమ్‌లో ఉన్నాడు, చచ్చిపోయాడని వార్త, ఏడవాలో ఊపిరి పీల్చుకోవాలో భార్యకు తెలియదు. ఇంత దగ్గరగా ఉంటే కాకతాళీయమంటే ఎట్లా?

పాతప్రతి:
హేరోదు రోమ్‌కు పోవడం, పుకారు పుట్టడం ఆ కథకు కావలసిన సరంజామా. పోతే ఆ జీవితచరిత్రను అంత గుడ్డిగా నమ్మకండి. రాసింది కాంబ్రే మఠంలో సన్యాసిని అయిన కూతురు, 1639లో తల్లి పోయాక. అచ్చయింది 1861లో. తల్లిని భక్తురాలిగా నిలబెట్టడమే దాని పని. చిన్నప్పుడు రాత్రిళ్ళు చదువుకోవడానికి పనివాళ్ళ దగ్గర కొవ్వొత్తులు అరక్రౌను చొప్పున అప్పు తీసుకుందట, ఆ బాకీ వంద పౌండ్లట, పెళ్ళిరోజు తీర్చిందట. పౌండుకు ఎనిమిది అరక్రౌన్లు, అంటే 800 కొవ్వొత్తులు. పనివాళ్ళు నిలువునా దోచారో, కూతురు లెక్క పెంచిందో!

అచ్చుపని:
ఆ జీవితచరిత్రలోనే అసలు చిక్కు ఇంకోటుంది. ఆవిడ రాసిన ఒక రచనను ఆడపడుచు గదిలోంచి ఎవరో దొంగిలించి అచ్చు వేస్తే, ఆవిడే వెనక్కి రప్పించిందట. ‘మేరియమ్’ పేరు మాత్రం ఎక్కడా లేదు. ఇటు చూస్తే నాటకం పద్ధతిగా రిజిస్టరైంది, థామస్ క్రీడ్ అచ్చొత్తాడు, ముఖపత్రం మీద పేరుకు బదులు ‘ఇ. సి.’ అనే పొడి అక్షరాలే. ఆడపడుచుకు రాసిన అంకిత పద్యం ఉన్న ఆకు మిగిలిన ప్రతుల్లో చాలావాటిలో లేదు. ఆకు తీసేశారంటే కుటుంబంలో ఎవరో అడ్డుపడ్డట్టు నాకనిపిస్తుంది. కానీ అడ్డు దేనికి, లోపలి కథకా, ఇంటిపేరు బయట పడ్డందుకా? నా ఓటు రెండోదానికే.

రంగస్థలి:
సరే, జీవితచరిత్రను పక్కన పెట్టండి. జోసీఫస్‌లో కొన్నేళ్ళపాటు సాగిన వ్యవహారాన్ని ఆవిడ ఒక్క రోజులోకి కుదించింది. పేరు కూడా లేని బానిసపిల్లకు గ్రాఫినా అని పేరిచ్చి మాట్లాడించింది. ఇక నాటకంలో మేరియమ్ మొదటి మాటే, నలుగురి ముందు గొంతెత్తడం గురించి. మూడో అంకం చివర, కథ మీద వ్యాఖ్యానించే బృందం (కోరస్) వచ్చి, భార్య ఒళ్ళే కాదు, మనసులో మాట కూడా మొగుడికే దాచాలంటుంది. ఆ బాధ ఊరికే ఊహించి రాసిందా?

పాతప్రతి:
బాధ ఆవిడదే కావచ్చు, కాదనను. అయితే ఆ నాటకంలోనే హేరోదు చెల్లెలు సలోమే ఉంది. మగాడికున్న విడాకుల హక్కు నాకెందుకు లేదు, ఈ ఆచారం నేనే తెంచుతానని మొదటి అంకంలోనే అనేస్తుంది. ఆవిడ ప్రతినాయిక. ఆత్మకథ అనేవాళ్ళు ముందు ఈవిడను ఏ ఖాతాలో వేస్తారో చెప్పండి.