పెళ్లి భోజనాలయ్యాక చుట్టాలని రాత్రిపూట ఊళ్లకి క్షేమంగా పంపడం ఎలా?

కోటబొమ్మాళి మేనమామ

నమస్తే అండి. మార్గశిరంలో మా మేనకోడలి పెళ్లి. శ్రీకాకుళం టౌన్లో కల్యాణ మండపం మాట్లాడేశాం. ముహూర్తం రాత్రి 2.35కి పడింది. వంటలు, పురోహితుడు, సన్నాయి మేళం అన్నీ మా బావగారు చూసుకుంటున్నారు. బళ్ల సంగతి మాత్రం నా నెత్తిన పెట్టారు.

మా చుట్టాలు కోటబొమ్మాళి, టెక్కలి చుట్టుపక్కల ఊళ్లలోనే ఎక్కువ. కొందరు పలాస వాళ్లు. విశాఖపట్నం వాళ్లు రైల్లో వచ్చి ఆమదాలవలసలో దిగుతారు. రావడం గొడవ లేదు, ఎవరికి వీలైనట్టు వాళ్లు వచ్చేస్తారు. భోంచేసి పదీ పదకొండుకి బయల్దేరే వాళ్లతోనే టెన్షన్. ఆడవాళ్లేమో "ఫ్రీ బస్సు ఉంది కదా" అంటున్నారు. ఆ టైముకి మా ఊరి లోపలికి ఏ బస్సు వస్తుంది? అక్షింతలు వేసే దాకా ఉండేవాళ్లు తెల్లవారుజామున నాలుక్కి గానీ కదలరు. వాళ్లని తలుచుకుంటే ఇంకా భయం.

ఊళ్లో ఒకాయన తన లగేజీ బండి ఇస్తానంటున్నాడు, డీజిల్ పోయిస్తే చాలట. ఇంకొకాయన స్కూలు బస్సు మాట్లాడతానంటున్నాడు. ఏది మంచిదో తెలిసినవాళ్లు చెప్పండి.

టెక్కలి కుర్రాడు

బాబాయ్, ఆర్టీసీ బస్సు అద్దెకి తీసుకోండి. టెక్కలి డిపోకో శ్రీకాకుళం డిపోకో వెళ్లి పెళ్లికి బస్సు కావాలంటే వాళ్లే లెక్క కట్టి చెప్తారు. ముందు డిపాజిట్ కట్టాలి. తిరిగిన కిలోమీటర్లు, ఆగిన గంటలు చూసి తర్వాత లెక్క తేలుస్తారు. గంటలు పెరిగితే డబ్బూ పెరుగుతుంది, అది ముందే అడగండి. మంచి ముహూర్తం రోజున అందరూ బస్సుకే ఎగబడతారు కాబట్టి లగ్నపత్రిక రాయించిన వారంలోనే వెళ్లండి. ఫ్రీ టికెట్ మామూలు సర్వీసులకే, మనం అద్దెకి తెచ్చుకున్న బస్సుకి కాదు. ఇంట్లో ఆడవాళ్లకి ఆ మాట ముందే చెప్పేయండి.

నాగావళి గట్టు

ఏటండీ ఈ హడావుడి! మా పెళ్లిళ్లకి ట్రాక్టర్ తొట్టిలో గడ్డి పరిచి ఊరంతా వెళ్లొచ్చేవాళ్లం. ఎవరికేమైంది?

రాజాం వ్యాను

గట్టు గారూ, ఆ రోజుల్లో హైవే మీద ఇన్ని లారీలు లేవు. ఇప్పుడు తొట్టికి వెనక లైటు లేకుండా రాత్రిపూట ఎక్కండి, చూద్దాం.

మేనమామ గారూ, నేను రాజాంలో టెంపో ట్రావెలర్ తిప్పుతాను. పెళ్లిళ్ల సీజన్లో మా తిండీ నిద్రా మండపాల దగ్గరే. అందరూ బండి గురించే అడుగుతారు: ఏసీ ఉందా, పాటలొస్తాయా, ఎన్ని సీట్లు. డ్రైవరు నిన్న రాత్రి పడుకున్నాడా అని ఒక్కరూ అడగరు. మీరు ముందు అడగాల్సింది అదే.

మా లైన్లో జరిగేది చెప్తాను. నిన్న రాత్రి బొబ్బిలిలో పెళ్లి, ఈ పగలు అరసవల్లి దర్శనం ట్రిప్పు, ఈ రాత్రి మీ పెళ్లి. ఓనరుకి కిరాయి కావాలి, డ్రైవరుకి బత్తా కావాలి, కాబట్టి ఎవరూ వద్దనరు. సాయంత్రం మీ చుట్టాల్ని తెచ్చి దింపుతాడు. అక్కణ్నుంచి "ఐసు తేవాలి, దండలు తేవాలి, ఆమదాలవలస వెళ్లి తాతగారిని తేవాలి" అని ఏదో ఒకటి పురమాయిస్తూనే ఉంటారు. ఆఖరి పంక్తిలో భోంచేసి సీటు వెనక్కి వాలుస్తాడు. పక్కనే డీజే. అద్దం దించితే దోమలు, ఎక్కిస్తే ఊపిరాడదు. కన్ను అంటుకునే సరికి పెళ్లివారిలో ఒకాయన వచ్చి డోరు మీద దబదబా బాదుతాడు: "ఏటోయ్, పడుకున్నావా? లే, ముసలోళ్లు వెళ్లిపోతామంటున్నారు." ఆ మనిషి చేతిలో మీరు ఇరవై మందిని పెడుతున్నారు. అదీ తెల్లవారుజామున, ఎంత కాఫీ తాగినా రెప్ప వాలిపోయే టైములో.

మార్గశిరం అన్నారు కదా, ఇంకో రెండు సంగతులున్నాయి. వంశధార దాటేటప్పుడు మంచు దిగితే ముందున్న లారీ వెనక లైటు కూడా కనపడదు. పైగా అది కోతల కాలం. హైవే వదిలి ఊరి రోడ్డెక్కితే సగం రోడ్డు మీద ధాన్యం ఉంటుంది. రాత్రికి బరకం కప్పి, గాలికి లేవకుండా చుట్టూ రాళ్లు పేరుస్తారు. పొద్దున్న తీద్దాంలే అని రైతు ఇంటికెళ్లిపోతాడు. నల్ల బరకం, నల్ల రోడ్డు, మంచు. రాయి టైరు కిందకొచ్చే దాకా తెలీదు. మీ ఊళ్ల దారిలో ఎక్కడ ఎండబోశారో పెళ్లికి ముందురోజు బైకు మీద ఒక చుట్టు తిరిగి చూసి, డ్రైవర్లకి చెప్పండి.

నా సలహా ఏంటంటే, పది గంటల బ్యాచ్‌కి ఒక బండి, ముహూర్తం బ్యాచ్‌కి వేరే బండి, వేరే డ్రైవరు. రెండో డ్రైవరు రాత్రి తొమ్మిదికల్లా భోంచేసి పడుకోవాలి. అతనికి ఏ పనీ చెప్పకూడదు, ఐసు అయిపోయినా సరే.

లగేజీ బండి మాత్రం వద్దు. సరుకు బండిలో, ఆ సరుకు తాలూకు మనిషి తప్ప, జనం ఎక్కితే ఇన్సూరెన్స్ కంపెనీ బాధ్యత లేదని సుప్రీంకోర్టు 2002లోనే చెప్పింది. జరగరానిది జరిగితే డీజిల్ కోసం బండి ఇచ్చిన పెద్దమనిషి పొలం అమ్ముకోవాలి. స్కూలు బస్సుకి పర్మిట్ పిల్లల కోసం, పెళ్లికి తిప్పితే అదే తలనొప్పి. తెల్ల ప్లేటు కారు అద్దెకి తీసుకున్నా అంతే. పసుపు నంబరు ప్లేటు చూసి, పర్మిట్, ఇన్సూరెన్స్ కాగితాలు ఫోన్లో ఫొటో తీసుకుని మరీ మాట్లాడండి.

ఇంకోటి, పెళ్లికొడుకు కారు. అద్దం మీద సగం దాకా పూలు అంటిస్తారు, నడిపేది రాత్రంతా గంతులేసిన ఫ్రెండు. అప్పగింతలయ్యాక మీ పిల్ల ఎక్కేది ఆ కారే. డ్రైవర్ని మీరే పెట్టండి. ముందద్దం మీది పూలు పీకించేయండి, ఫొటోలు అయిపోయాయిగా.

విజయనగరం పిన్ని

వ్యాను బాబు చెప్పింది నిజం. ఆడవాళ్ల సంగతి నేను చెప్తాను. ఒంటి నిండా బంగారం, చంకలో నిద్రపోయే పిల్లలు. వాళ్లని జంక్షన్లో దింపేసి "ఇక్కణ్నుంచి నడిచేయండి" అంటే ఎలా? హైవేకి అవతలి పక్క ఊరైతే ఇంకా కష్టం. డివైడరు ఎక్కి దిగి చీకట్లో రోడ్డు దాటతారు. బండి యూటర్న్ తీసుకుని ఊరి వైపు సర్వీసు రోడ్డులోకి వచ్చి, వీధి మొదట్లో దింపాలని కిరాయి మాట్లాడేటప్పుడే చెప్పండి. రాంగ్ రూట్లో దగ్గర దారి వద్దని గట్టిగా చెప్పండి.

ఒక్కో బండికీ మీ ఇంటి మనిషిని ఒకరిని ఎక్కించండి, తాగనివాణ్ణి. ఎవరు ఏ బండి ఎక్కారో అతని ఫోన్లో రాసుకోవాలి. ఆఖరి మనిషి దిగాక మీకో ఫోను కొట్టాలి. డ్రైవరు పక్కన మెలకువగా కూర్చుని కబుర్లాడటం కూడా అతని పనే.

టెక్కలి కుర్రాడు

మందు మాట వచ్చింది కాబట్టి. బండి నడిపేవాడి 100 మిల్లీలీటర్ల రక్తంలో ఆల్కహాల్ 30 మిల్లీగ్రాములు దాటితే మొదటిసారికే పది వేలు జరిమానా గానీ, ఆర్నెల్ల దాకా జైలు గానీ, రెండూ గానీ పడొచ్చు. బైకుల మీద వచ్చే కుర్రాళ్ల తాళాలు భోజనాల ముందే ఎవరైనా పెద్దాయన చేతిలో పెట్టించండి. మేం అడిగితే ఇవ్వరు, మావయ్య అడిగితే ఇస్తారు. హైవే మీద బండి ఆగిపోతే 1033కి, ప్రమాదమైతే 108కో 112కో చేయాలి.

కోటబొమ్మాళి మేనమామ

అందరికీ దండాలు. లగేజీ బండాయనకి వద్దని చెప్పేశాను, కొంచెం ముఖం మాడ్చుకున్నాడు. పది గంటల బ్యాచ్‌కి ఆర్టీసీ బస్సు, ముహూర్తం బ్యాచ్‌కి రెండు వ్యాన్లు అనుకుంటున్నాం. రాజాం తమ్ముడూ, మండపంలో నాలుగే గదులు. రెండు మగపెళ్లివారి విడిదికి, ఒకటి పెళ్లికూతురికి, ఒకటి సామాన్లకి. డ్రైవర్లని ఎక్కడ పడుకోబెట్టను?

రాజాం వ్యాను

సామాన్ల గది మండపానికి వెనక వైపుందా? ఉంటే అందులోనే. రెండు చాపలు, ఒక ఫ్యాను, దోమల చక్రం చాలు. తాళం మీ దగ్గర పెట్టుకోకండి, డ్రైవరుకే ఇచ్చేయండి, లేకపోతే గంటకోసారి ఎవరో ఒకరు కొబ్బరికాయల కోసం తలుపు కొడతారు. మగపెళ్లివారిది చీపురుపల్లో, ఇంకెక్కడో, వాళ్ల డ్రైవర్లకి కూడా పడుకునే చోటుందో లేదో వాళ్లకి ఇప్పుడే ఫోన్ చేసి అడగండి.