జీహెచ్ఎం కామన్ సీనియారిటీ: డీఎస్సీ ర్యాంకు లెక్కా, జాయిన్ అయిన తేదీ లెక్కా?

హన్మకొండ ఎస్ఏ గణితం:
తెలంగాణలో కొన్ని జోన్ల జిల్లాలు కలిసిన మల్టీజోన్-1లో స్కూల్ అసిస్టెంట్ (ఎస్ఏ)లందరినీ ఒకే వరుసలో పెడితేనే గెజిటెడ్ హెడ్మాస్టర్ (జీహెచ్ఎం) ప్రమోషన్లు జరిగేది. జిల్లా పరిషత్ యాజమాన్యం వరకే అడుగుతున్నా, గవర్నమెంట్ లిస్టు వేరు. ఒకే డీఎస్సీ అనుకోండి. వరంగల్ మెరిట్ లిస్టులో 5వ ర్యాంకు సార్ డిసెంబర్ 20న జాయిన్ అయ్యారు, 6వ ర్యాంకు మేడం 10న. కరీంనగర్ సార్ ఒకరు 15న. ఈ ముగ్గురిలో పైన ఎవరు? ర్యాంకే చూడాలని నా వాదన.

కరీంనగర్ ఎస్ఏ సోషల్:
సర్వీస్ రూల్స్‌లో రూల్ 33(ఏ) సూటిగా ఉంది సార్. ఆ కేటగిరీలో మొదటి నియామకం తేదీయే సీనియారిటీ. వరంగల్ 5వ ర్యాంకుకూ కరీంనగర్ 5వ ర్యాంకుకూ పోలికేముంది? పోస్టులు వేరు, పోటీ వేరు, సెలక్షన్ కమిటీ వేరు. రెండు జిల్లాలకు కామన్‌గా ఉన్నది క్యాలెండర్ ఒక్కటే.

సర్వీస్ రూల్స్ చదివే సార్, వరంగల్:
ఇద్దరూ సగం సగం రూలే చెప్తున్నారు. స్టేట్ అండ్ సబార్డినేట్ సర్వీస్ రూల్స్, 1996లో మూడు ముక్కలు కలిపి చదవాలి. 33(ఏ) తేదీ అంటుంది. 33(బి) కింది ప్రొవైజో, అంటే అదనపు షరతు, సెలక్షన్ అథారిటీ ఇచ్చిన మెరిట్ వరుసను చెదరగొట్టొద్దని, అవసరమైన మేరకు నోషనల్ తేదీ (నిజంగా చేరిన రోజు కాక, సీనియారిటీ లెక్క కోసం ఇచ్చే తేదీ) ఇవ్వాలని చెప్తుంది. వేర్వేరు యూనిట్లను, అంటే నియామకం జరిగిన జిల్లాలను, కలిపేటప్పుడు రూల్ 34 వస్తుంది: 33(ఏ) ప్రకారం కలపండి, కానీ ఒక యూనిట్‌లోని వాళ్ల మధ్య వరుస మారొద్దు అని.

ఇప్పుడు పై ఉదాహరణ చూడండి. యూనిట్ వరుస ప్రకారం 5వ ర్యాంకు 6వ ర్యాంకు కంటే పైన. తేదీ ప్రకారం 6వ ర్యాంకు మేడం కరీంనగర్ సార్ కంటే పైన. అదే తేదీ ప్రకారం కరీంనగర్ సార్ 5వ ర్యాంకు కంటే పైన. తిరిగి తిరిగి మొదటికే వస్తుంది. ముడి విప్పేది నోషనల్ తేదీ ఒక్కటే. 5వ ర్యాంకుకు డిసెంబర్ 10 ఇస్తే ముగ్గురూ వరుసలో పడతారు. అలా ఇవ్వకుండా జాయినింగ్ తేదీతో కంప్యూటర్‌లో సార్ట్ కొట్టి లిస్టు దించడం దగ్గరే తప్పు మొదలవుతుంది.

ఇంకో మెలిక. డీఎస్సీ ర్యాంకులు సబ్జెక్టు వారీగా ఇచ్చినవి. జీహెచ్ఎం లిస్టులో గణితం, సోషల్, తెలుగు, బయోసైన్స్ అందరూ కలుస్తారు. గణితం 3కు, తెలుగు 3కు పోలిక లేదు. కాబట్టి ఒకే జిల్లాలో కూడా ర్యాంకు పనికొచ్చేది ఒకే సబ్జెక్టు, ఒకే డీఎస్సీ వాళ్ల మధ్యనే. మిగతా చోట్ల తేదీ, అదీ సమానమైతే వయసు. ఎస్‌జీటీ (సెకండరీ గ్రేడ్ టీచర్) నుంచి ప్రమోషన్ మీద ఎస్ఏ అయినవాళ్లకు ఈ డీఎస్సీ ర్యాంకు ఊసే రాదు. వాళ్లకు ప్రమోషన్ ప్యానెల్ వరుస.

కరీంనగర్ ఎస్ఏ సోషల్:
నోషనల్ తేదీ మెరిట్ వరుస కాపాడటానికి, ఒప్పుకుంటా. మరి ఆలస్యం ఎందుకైందో చూడరా? కోర్టు కేసు వల్లో, ఆఫీసులో ఫైలు ఆగినందువల్లో పోస్టింగ్ లేటయితే అభ్యర్థి తప్పు కాదు. ఆర్డర్ చేతికొచ్చాక తనే గడువు పొడిగించుకుని జాయిన్ అయితే? ఆ భారం పక్క జిల్లా వాడి మీద ఎందుకు పడాలి?

సర్వీస్ రూల్స్ చదివే సార్, వరంగల్:
న్యాయమైన ప్రశ్న. ప్రొవైజోలో ‘అవసరమైన మేరకు’ అన్న మాట ఉంది కదా, మీ అభ్యంతరం దాని మీదే నిలబెట్టండి. గుండుగుత్తగా నోషనల్ తేదీలు ఇవ్వడం తప్పని, ఒక్కొక్కరికీ కారణం రాయాలని అడగండి. అది గెలిచే వాదన.

ములుగు ఎస్ఏ ఇంగ్లిష్:
ఉద్యోగులను కొత్త జిల్లాలకు కేటాయించిన 317 జీవో తర్వాత జిల్లా మారినవాళ్ల సంగతి? ఉమ్మడి వరంగల్ లిస్టు ఆరు జిల్లాలుగా చీలింది. జనగామ యాదాద్రి జోన్‌తో మల్టీజోన్-2కు పోయింది. మా దగ్గరైతే వెంకటాపురం, వాజేడు వైపు పాత ఖమ్మం వాళ్లూ ఉన్నారు.

హన్మకొండ ఎస్ఏ గణితం:
అది రూల్ 35. పరిపాలనా కారణంతో మారిస్తే పాత యూనిట్‌లోని తేదీ వెంట వస్తుంది, 35(ఏ). సొంత కోరిక మీద పోతే కొత్త యూనిట్‌లో చేరిన తేదీ, 35(బి). 2021 డిసెంబర్ 6 నాటి 317 కేటాయింపు కోరిక కాదు. ఆ తర్వాత పెట్టుకున్న దరఖాస్తుల దగ్గరే తగాదా. మీ ఆర్డర్ కాపీలో ‘సొంత అభ్యర్థన మేరకు’ అని ఉందా, అండర్‌టేకింగ్ ఇచ్చారా, ముందు అది చూసుకోండి మేడం.

జగిత్యాల ఎస్ఏ తెలుగు:
అభ్యంతరం ఎలా పెట్టాలి? కోర్టుకు పోవాల్సి వస్తే?

సర్వీస్ రూల్స్ చదివే సార్, వరంగల్:
ప్రొవిజనల్ లిస్టు రాగానే గడువు లోపల డీఈఓకు రాతపూర్వకంగా ఇచ్చి, ఒక కాపీ వరంగల్ ఆర్జేడీకి (పాఠశాల విద్య ప్రాంతీయ సంయుక్త సంచాలకులకు) పెట్టి, రెండు చోట్లా ముద్ర వేయించుకోండి. ‘నాకు అన్యాయం జరిగింది’ అని రాస్తే ఎవరూ చదవరు. లిస్టులో నా నంబర్ ఇంత, ఉండాల్సింది ఫలానా నంబర్ తర్వాత, ఆధారం ఫలానా రూల్ అని రాయాలి. జతగా నియామక ఉత్తర్వు, మెరిట్ లిస్టులో మీ పేజీ, జాయినింగ్ రిపోర్టు, సర్వీస్ రిజిస్టర్ మొదటి పేజీ, ప్రొబేషన్ డిక్లరేషన్. సర్వీస్ రిజిస్టర్‌లో పూర్వాహ్నం, అపరాహ్నం తేడా పడినా లిస్టులో ఒక రోజు మారిపోతుంది.

ఉద్యోగుల కేసులు చూసే అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ 2016 నుంచి మనకు లేదు, నేరుగా హైకోర్టులో రిట్ వేయాల్సిందే. మీరు గెలిస్తే ఎవరు కిందికి జరుగుతారో వాళ్లను ప్రతివాదులుగా చేర్చండి. వాళ్లను వదిలేసి ప్రభుత్వాన్ని మాత్రమే చేరిస్తే కేసు అక్కడే కుంటుపడుతుంది. ఆలస్యం కూడా చేయొద్దు. జూనియర్‌కు ప్రమోషన్ ఇచ్చారని ఫిర్యాదు ఉన్నవాళ్లు ఆరు నెలల్లో, మహా అయితే ఏడాదిలో రావాలని సదాశివస్వామి కేసులో సుప్రీంకోర్టు 1974లోనే చెప్పింది.

జగిత్యాల ఎస్ఏ తెలుగు:
సీనియారిటీ తేలినా టెట్ అడ్డం ఉంది కదా సార్?

హన్మకొండ ఎస్ఏ గణితం:
2025 సెప్టెంబర్ 1 నాటి సుప్రీంకోర్టు తీర్పు ప్రకారం ఐదేళ్ల కంటే ఎక్కువ సర్వీసు మిగిలినవాళ్లు రెండేళ్లలో టెట్ పాస్ కావాలి. ఐదేళ్ల లోపు ఉన్నవాళ్లు కొలువులో కొనసాగొచ్చు గానీ, టెట్ లేకుండా ప్రమోషన్ అడగలేరు. అలాగని సీనియారిటీ అభ్యంతరం ఆపుకోకండి. టెట్ రేపు రాసుకోవచ్చు, ఫైనల్ లిస్టు దిగాక మీ పైన ముప్పై మంది కూర్చుంటే కదిలించడం కష్టం.

కరీంనగర్ ఎస్ఏ సోషల్:
మా జిల్లా లిస్టులో నోషనల్ తేదీలున్న పేర్లకు గుర్తు పెడుతున్నా. ఒక్కదానికీ రిమార్కుల కాలమ్‌లో కారణం లేదు. అభ్యంతరం దాని మీదే రాస్తా.