పన్నెండున్నరకే బడి వదిలేస్తే ఉద్యోగం ఎలా చేసేది?

ప్రశ్న:
మా పాపకి మూడున్నరేళ్లు. ప్రభుత్వ ప్రీస్కూల్లో ఉచితంగా సీటు దొరికింది. బాగానే ఉంది, చెప్పులు కుడి ఎడమ చూసుకుని తనే వేసుకుంటోంది. కానీ బడి పన్నెండున్నరకే అయిపోతుంది. నాకొచ్చిన ఉద్యోగం సాయంత్రం ఆరింటి దాకా. ఇలాగే ఇంతకు ముందు ఒకటి వదులుకున్నాను. పేద కుటుంబాలకి ఆర్థిక అవకాశాలు పెంచడానికే ఈ బడులు అంటారు కదా. ఆ అవకాశం పాపకా, నాకా?

జవాబు:
పన్నెండేళ్లుగా ప్రీస్కూల్ టీచర్ని. నిజం చెప్పాలంటే ఇలాంటి బడులు మొదట్లో మీ ఉద్యోగాన్ని దృష్టిలో పెట్టుకుని కట్టినవి కావు. అమెరికాలో 1964లో ఆర్థిక అవకాశాల చట్టం వచ్చింది. దాని కింద 1965లో పేద పిల్లల కోసం హెడ్ స్టార్ట్ అనే ప్రీస్కూల్ పథకం మొదలైంది, అదీ ఎనిమిది వారాల వేసవి కార్యక్రమంగా. అందరూ ఉదాహరణగా చెప్పే పెర్రీ ప్రీస్కూల్, అంటే 1960ల్లో అక్కడే పేద పిల్లలతో చేసిన ప్రయోగం, అయితే రోజుకి రెండున్నర గంటలే!

కెనడాలోని క్యుబెక్ వాళ్లు 1997లో తల్లి ఉద్యోగం గురించి కూడా ఆలోచించారు. రోజుకి 5 డాలర్లకే పిల్లల్ని చూసుకునే ఏర్పాటు చేశారు. ఉద్యోగాలు చేసే తల్లులు పెరిగారు. కానీ పిల్లల్లో కోపం, ఆందోళన పెరిగాయని కొందరు ఆర్థికవేత్తలు తేల్చారు. దాని మీద వాదనలు ఉన్నాయి. నాకు మాత్రం ఆశ్చర్యం లేదు. పన్నెండు మంది ఉన్న ఏడాది, ఒకడు ఆడుకునే చెక్క దిమ్మె ఎందుకు విసిరాడో పక్కన కూర్చుని అడిగేదాన్ని. ఇరవై ఎనిమిది మంది ఉన్న ఏడాది తలలు లెక్కపెట్టుకోవడంతోనే సరిపోయింది. గంటలు పెంచాలి, మనుషుల్నీ పెంచాలి.

మరొకరు:
ముందు అమ్మానాన్నలకి పని చూపిస్తే చాలదా మేడమ్? పిల్లల చదువు వాళ్లే చూసుకుంటారు. ఆ వయసులో నేర్పింది ఎలాగూ మర్చిపోతారు.

టీచర్:
మర్చిపోతారు, నిజమే. పెర్రీ ప్రయోగంలో మొత్తం 123 మంది పిల్లలు. బడికి పంపింది 58 మందిని, మిగతావాళ్లని పోల్చి చూడటానికి పంపలేదు. బడికి వెళ్లినవాళ్ల తెలివితేటల పరీక్ష మార్కుల్లో వచ్చిన పెరుగుదల కొన్నేళ్లకే కరిగిపోయింది. అయినా నలభై ఏళ్ల వయసులో చూస్తే, బడికి వెళ్లని వాళ్లకంటే వాళ్ల సంపాదన ఎక్కువ, అరెస్టులు తక్కువ. ఇంకోటి, అక్కడి టీచర్లు వారం వారం పిల్లల ఇళ్లకి వెళ్లేవాళ్లు. మాకు ఫోన్ చేసే తీరికే ఉండదు, అది వేరే కథ. పనీ బడీ రెండూ కావాలండీ. వాటి ఫైళ్లు రెండు శాఖల్లో ఉండటమే ఈమె తలనొప్పి.

ప్రశ్న అడిగిన నేనే:
థాంక్స్ అండీ. మధ్యాహ్నం ఆ తరగతి గది ఖాళీగానే ఉంటుందా?

టీచర్:
మా దాంట్లో ఒంటిగంటకి తాళం వేసేస్తాం. చాపలు, బొమ్మలు అన్నీ లోపలే ఉంటాయి. లేనిది ఆరింటి దాకా కూర్చునే మనిషికి జీతం. మీలాంటి తల్లులు ఇంకో పదిమంది ఉంటే కలిసి అర్జీ పెట్టండి. ఎన్ని గంటలు కావాలో, ఎంతమంది పిల్లలో అందులో రాయండి.