పాఠాలు చెప్తే చెయ్యి పాడవుతుందా?

పెదవాల్తేరు అమ్మ:
మా అమ్మాయి వయొలిన్ డిప్లొమా పూర్తి చేసింది. ఇక్కడే వైజాగ్‌లో ఒక స్కూల్లో మ్యూజిక్ టీచర్ పోస్టు వచ్చింది. వాళ్ళ గురువుగారేమో "పొద్దస్తమానం పిల్లలకి మొదటి పాఠాలు, ఆ సరళీ స్వరాలే చెప్తూ కూర్చుంటే చెయ్యి పాడైపోతుంది, చెన్నై వెళ్ళి కచేరీలు చూసుకో" అంటున్నారు. ఇంట్లో ఒకటే టెన్షన్. మీరేమంటారు?

రెండోకాలం:
గురువుగారు చెప్పింది నిజమేనండి. పదకొండేళ్ళు ట్యూషన్లు చెప్పాను, రోజుకి ఆరు బ్యాచీలు. అపశ్రుతి వినీ వినీ చెవి మొద్దుబారింది. ఓ పెళ్ళి కచేరీలో వర్ణం రెండోకాలం, అంటే రెట్టింపు వేగంలో, ఎత్తుకోగానే వయొలిన్ తీగల మీద లాగే కమాను జారి పక్క తీగ మీద పడింది. మృదంగం ఆయన చూసిన చూపు ఇప్పటికీ మర్చిపోలేదు.

పాత బిరడా:
మరి వయొలిన్ విద్వాంసులు ద్వారం వెంకటస్వామి నాయుడు గారి సంగతేమిటి? 1893లో బెంగళూరులో పుట్టి మన విశాఖలో పెరిగారు. చూపు సరిగా ఆనేది కాదు. అన్నగారు వెంకటకృష్ణయ్య గారి దగ్గరే పాఠం. 1919లో విజయనగరంలో సంగీత కళాశాల పెట్టినప్పుడు, ఇంకా పాతికేళ్ళు దాటీ దాటకుండానే, వయొలిన్ ఆచార్యులయ్యారు. విద్యార్థిగా చేరదామని వెళ్తే పంతులుగా పెట్టుకున్నారని మావాళ్ళు కథగా చెప్పుకునేవారు. ఆదిభట్ల నారాయణదాసు గారి తర్వాత 1936లో ప్రిన్సిపాల్. 1941లో మద్రాసు మ్యూజిక్ అకాడమీ వారి సంగీత కళానిధి బిరుదు. అంటే ఇరవై రెండేళ్ళు పాఠాలు చెప్పాక! పక్కవాద్యమనుకున్న వయొలిన్‌తో ఒంటరిగా కచేరీలు నిలబెట్టిందీ ఆ ఉద్యోగంలో ఉండగానే. చెయ్యి పాడైందా?

ఇంకో మాట. పిల్లాడికి 'స' నిలవకపోతే పొడుగు కమాను లాగి మనమే పదిసార్లు వాయించి చూపించాలి. అది మన సాధకం కాదా? నోటితో చెప్పి ఊరుకుంటేనే చెయ్యి బిగుసుకుంటుంది.

రెండోకాలం:
ఆయన్ని తెచ్చి మా మీద పెడితే ఎలా సార్! అది మహారాజా వారు పెట్టిన కాలేజీ, అక్కడికి వచ్చేవాళ్ళు సంగీతం కోసమే వచ్చేవారు. స్కూల్లో వారానికో పీరియడ్, క్లాసుకి నలభై మంది. యాన్యువల్ డేకి సినిమా పాట నేర్పమంటారు. పొడుగు కమాను ఎవరికి చూపిస్తాం?

ఉక్కునగరం:
చెన్నైలో అద్దె ఎవరు కడతారో గురువుగారిని అడిగారా?

పాత బిరడా:
రెండోకాలం గారూ, స్కూలు సంగతి ఒప్పుకుంటున్నాను. ప్రిన్సిపాల్ కుర్చీలో ఉన్నవాడికీ, పీరియడ్ల పంతులుకీ పోలిక పెట్టడం నాదే తొందరపాటు. కానీ ఆరు బ్యాచీల రోజుల్లో మీ సొంత సాధకానికి ఎంతసేపు మిగిలేది? అమ్మగారూ, పాప తెల్లవారుజామున రెండు గంటలు వాయించుకోగలదా, డిసెంబరులో చెన్నై కచేరీల సీజనుకి సెలవిస్తారా, అసలు అక్కడ నేర్పేది వయొలినేనా? ఈ మూడూ కనుక్కోండి. జీతం సంగతి తర్వాత.

రెండోకాలం:
అరగంట. అదీ ఆదివారాలు.

పెదవాల్తేరు అమ్మ:
ఇప్పుడే ఫోన్ చేసి కనుక్కున్నాం. సెలవు ఇస్తారట. వయొలిన్లు ఎన్ని ఉన్నాయండీ అంటే, "ఒక కీబోర్డు ఉంది మేడమ్" అన్నారు. అమ్మాయి నవ్వాపుకోలేక గదిలోకి వెళ్ళిపోయింది. ఇంకా బయటికి రాలేదు, లోపల శ్రుతి చేసుకుంటోంది.